‘నాది’ అనటానికి పట్టినంతసేపు

ఫుట్‌బాల్‌లో డిఫెండర్లుగా చేరబోయే మన వైపు ఆడపిల్లల కోసం ఇది రాస్తున్నాను. కప్పులు, ఫొటోలు, ఏ దేశంలో ఎన్ని ఆటలు ఆడానన్నది ఇందులో ఉండదు. అవన్నీ మా అమ్మ బీరువాలో ఉన్నాయి. నకరికల్లు దాటి మా ఇంటికొస్తే కాఫీ ఇచ్చి మరీ చూపిస్తుంది.

నేను రాసేది ఒక మాట గురించి. ఆ మాట ఆటలో సరిగ్గా పలకలేకపోయాను. దాని గురించి అడిగినప్పుడు అబద్ధం చెప్పాను. నా అబద్ధం వల్ల బిమ్లా అనే గోల్‌కీపర్ దేశం జట్టులో తన చోటు పోగొట్టుకుంది. పోవాల్సింది నా చోటు. పదిహేడేళ్లు ఆడి, మోకాలు ఇక చాలంటే దిగి వచ్చాను. అంతకాలం ఆడనిచ్చిన దేవుడికి ఎంత రుణపడ్డానో చెప్పలేను. కానీ ఆడపిల్లలు వచ్చి "అక్కా, డిఫెండర్‌కి ముఖ్యంగా ఏం కావాలి?" అని అడిగినప్పుడల్లా నాకు ముందు గుర్తొచ్చేది బిమ్లానే.

మాట్లాడే పని లేని ఆట

నాకు చిన్నప్పటి నుంచీ నత్తి. మా నాయనమ్మ బతికినన్నాళ్లూ ఆ తప్పు అమ్మ మీదే వేసింది. "పురిట్లో వస పొయ్యవే అని మొత్తుకున్నా. విన్నదా? ఇప్పుడు చూడు, దీని నోట్లో నుంచి మాట దిగేలోపు బస్సు కదిలి పోతంది" అనేది.

మూడో తరగతిలో కొత్త టీచరమ్మ పేరు అడిగితే "కో... కో... కోటేశ్వరి" అన్నాను. మర్నాటి నుంచి నేను గడప తొక్కగానే తరగతి మొత్తం కోడికూత కూసేది. నెల రోజులు చూసి అమ్మ బడి మానిపించింది. ఆమె ఇంటర్ దాకా చదువుకున్నది. పొలానికి క్యారేజీలు పంపించి, అంట్లు తోముకుని, నన్ను వసారాలో కూర్చోబెట్టి చదువు చెప్పేది. పదో తరగతి దాకా నా బడి ఆ వసారానే. పద్యం రాగం తీసి చదివితే నాకు నత్తి రాదని కనిపెట్టింది కూడా అమ్మే. ఆ రోజు ఆమె కళ్లొత్తుకోవటం చూసి, నేనేదో తప్పు చదివాననుకున్నాను.

అమ్మకి వరసకు అన్న అయ్యే వెంకట్రావు మాస్టారు నరసరావుపేటలో డ్రిల్లు మాస్టారుగా ఉండేవారు. ఆడపిల్లలకి ఫుట్‌బాల్ నేర్పేవారు. అమ్మ నన్ను తీసుకెళ్లి, "అన్నయ్యా, ఇది పదమూడేళ్లకే ఇంట్లో కూర్చుని ముసలిదై పోతంది. నీ ఆటలో మాట్లాడే పని ఉండదు గదా?" అని అడిగింది.

"కాళ్ల పనేనమ్మా. నోటితో ఏం పని?" అన్నారాయన.

పొడుగ్గా, గట్టిగా ఉన్నానని నన్ను వెనకాల, గోల్‌కీపర్ ముందు నిలబెట్టారు. వారం తర్వాత ఆయనే ఇంటికొచ్చారు. "చెల్లెమ్మా, తెలియక నీకు అబద్ధం చెప్పా. ముందున్న తొమ్మిదిమందికీ నోరు లేకపోయినా నడుస్తది. వెనక నిలబడేదానికే నోరు కావాలి."

ఆయన చెప్పింది నిజం. గ్రౌండ్ మొత్తం కనపడేది వెనకున్న ఇద్దరికే, డిఫెండర్‌కీ కీపర్‌కీ. పైనుంచి వచ్చే బంతి ఆ ఇద్దరి మధ్య పడబోతున్నప్పుడు, అది ఎవరిదో ఒకళ్లు అరిచి చెప్పాలి. "నాది" అంటే కీపర్ ఆగుతుంది. "నీది" అంటే నేను తప్పుకుంటాను. రెండు మాటలంతే. నాకు ఆ రెండే గొంతులో గుచ్చుకునేవి.

మాస్టారు పద్యం సంగతి విని "అయితే రాగం తీసి పిలవ్వే" అన్నారు. తీశాను. నా రాగం అయ్యేలోపు బంతి గోల్లో పడి, వలని కూడా ఒకసారి పలకరించి వచ్చింది. మాస్టారు ఈల నోట్లో పెట్టుకునే నవ్వారు. "వద్దులే తల్లీ. నత్తితోనే పిలువు. వాళ్లే అలవాటు పడతారు."

అట్లాగే అలవాటు పడ్డారు. నా నోట "నా... నా... నా..." అని వినపడగానే మా పిల్లలు పక్కకి తప్పుకునేవాళ్లు. "నానమ్మ వచ్చిందే, తప్పుకోండి" అనేవాళ్లు. జిల్లా జట్టులో, రాష్ట్రం జట్టులో నా పేరు నానమ్మే. ఎగతాళే, కానీ ప్రేమతో చేసిన ఎగతాళి. మాట సగంలో ఉండగానే అర్థం చేసుకునే వాళ్ల మధ్య ఆడుతున్నానన్న సంగతి అప్పుడు నాకు తెలియలేదు.

ఈ పని అసలు ఏంది

మాది మిరప వేసే ఇల్లు. కాయలు కోసి కళ్లంలో ఆరబోసిన రోజుల్లో నాన్న అన్నం తింటూ కూడా పడమటి ఆకాశం వైపే చూసేవాడు. మబ్బు పట్టిందంటే పరుగెత్తుకెళ్లి పట్టాలు కప్పాలి. ఒక్క జల్లు చాలు, ఎర్రటి కాయ తెల్లబడి తాలుకాయ అవుతుంది. వాన రాని రోజున కళ్లం కాపలా కాసినవాణ్ణి ఎవరూ మెచ్చుకోరు. వచ్చిన రోజున మాత్రం "నువ్వు ఏం చేస్తున్నావయ్యా?" అని ఊరంతా అడుగుతుంది.

డిఫెండర్ పని అచ్చంగా అదే. ఎవరైనా మీకు "భయపడకుండా ఆడు" అని చెబితే తల ఊపండి గానీ నమ్మకండి. భయం ఈ పనికి పనిముట్టు. అది ముందుగా వచ్చి కాళ్లని కదిలించాలి. ఆలస్యంగా వచ్చిందా, గొంతు పట్టుకుంటుంది. ఆట మొదలయ్యే ముందు నేను మనసులో కోటయ్య స్వామిని తలుచుకునేదాన్ని. గెలిపించమని అడిగేదాన్ని కాదు. "నా భయాన్ని కాస్త ముందు పంపు స్వామీ" అని అడిగేదాన్ని. మనసులో నాకు నత్తి లేదు.

నన్ను మెచ్చుకున్న తప్పు

ఇరవై ఏళ్లకి కేరళలో ఒక క్లబ్బు నన్ను తీసుకుంది. అక్కడ నా భాష ఎవరికీ రాదు, వాళ్ల భాష నాకు రాదు. మైదానంలో ఇంగ్లీషు మాటలే. "మైన్" అంటే నాది, "కీపర్" అంటే నీది. ప్రాక్టీసులో ఆ మాటలు వచ్చేవి. ఆటలో వస్తాయో రావోనని గుబులుగా ఉండేది. అందుకని అసలు పిలవాల్సిన అవసరమే రాకుండా చూసుకునేదాన్ని. బంతి ఎక్కడికొస్తుందో అందరికన్నా ముందు కనిపెట్టి, కీపర్‌తో పని లేనంత దూరంలోనే కొట్టేసేదాన్ని. క్లబ్బు కోచ్ పదిమంది ముందు నన్ను నిలబెట్టి "ఆటని చదవటం ఈమెను చూసి నేర్చుకోండి" అన్నాడు.

నేను చదువుతున్నది ఆటని కాదు, నోరు విప్పకుండా బయటపడే దారిని. ఈ సంగతి గట్టిగా చెబుతున్నాను, గుర్తుపెట్టుకోండి. మనం దాచుకున్న లోపాన్ని ఎవరైనా తెలివి అనుకుని మెచ్చుకుంటే, ఆ రోజు నుంచి దాన్ని దిద్దుకోవటం మానేస్తాం. నేను మానేశాను. ఆ మెప్పు మీదనే దేశం జట్టు దాకా వెళ్లాను.

బిమ్లా

దేశం జట్టు క్యాంపులో బిమ్లా నా పక్క మంచం. హర్యానా పిల్ల, ఇంటి నిండా గేదెలు. గుసగుసగా మాట్లాడినా పక్క గదికి వినపడేది. మొదటి రోజే నా పండుమిరప పచ్చడి సీసా తీసి, వేలితో నాకి, కళ్లనీళ్లు పెట్టుకుని, "కోటీ, ఇది తిండి కాదు, ఎవరో నీకు వేసిన శిక్ష" అంది హిందీలో. మళ్లీ వేలు పెట్టింది. వారానికి సీసా ఖాళీ.

"శిక్ష అయిపోయిందా?" అన్నాను.

"ఇంకో సీసాకి ఉత్తరం రాయి. నేరం పెద్దది" అంది.

మిగతా ఏ చోటైనా ఆటలో మారుస్తారు, కీపర్ని మార్చరు. మొదటి కీపర్ ఉన్నంతకాలం రెండో ఆమె బెంచీ మీదే. బిమ్లా ఆరేళ్లు అట్లా కూర్చుంది. ఆ ఏడే మొదటి కీపర్ అయింది. చేతి తొడుగులు ఉతికి దిండు పక్కన ఆరేసుకునేది. "గాలికి ఎగిరిపోతాయా ఏంది?" అంటే, "ఆరేళ్లకి దొరికినయ్. నాకు నమ్మకం లేదు" అనేది.

మా కోచ్ లీనా మేడమ్ గోవా ఆవిడ. తక్కువ మాట్లాడేది. క్యాంపులో నియమం ఒక్కటే పెట్టింది: మధ్యలో పడే ప్రతి బంతికీ "మైన్" గానీ "కీపర్" గానీ వినపడాలి. ప్రాక్టీసులో నేను అన్నాను. అక్కడ పోయేదేమీ లేదు కాబట్టి మాట వచ్చింది.

ఆ బంతి

బయట దేశంలో ఆట. డ్రా అయితే చాలు, మేం పై రౌండుకి వెళతాం. చివరి నిమిషాలు. ఒక్క గోలూ పడలేదు. వాళ్ల పిల్ల ఒకతె సగం గ్రౌండ్ నుంచి గుడ్డిగా పైకి కొట్టింది. బంతి చానా ఎత్తు లేచి, నాకూ బిమ్లాకీ సరిగ్గా మధ్యకి దిగుతోంది.

నేను చూశాను. అది నాదే. రెండడుగులు వేస్తే తలకి తగులుతుంది. వెనక బిమ్లా అడుగు ముందుకేసి, నా పిలుపు కోసం ఆగింది. "మైన్" అనాలి. పెదాలు కలిశాయి, విడివడలేదు. భయం ఆలస్యంగా వచ్చి గొంతు పట్టుకుంది. అప్పుడు నా నోట వచ్చింది నరసరావుపేట మాట. "నా... నా..."

‘ది’ రాలేదు.

మా ఊరి పిల్లలైతే నానమ్మ వచ్చిందని తప్పుకునేవాళ్లు. బిమ్లాకి తెలుగు రాదు. హిందీలో ‘నా’ అంటే ‘వద్దు, కాదు’ అని. తన డిఫెండర్ ‘నా, నా’ అని అరుస్తోందంటే ‘నావల్ల కాదు, నువ్వు రా’ అని అర్థం చేసుకుంది. గోల్ వదిలేసి పరుగెత్తుకొచ్చింది. ఇద్దరం ఒకేసారి ఎగిరాం. ఆమె పిడికిలి నా కణతకి తగిలింది. ఇద్దరం పడ్డాం. బంతి మా పక్కనే దిగింది. వాళ్ల పిల్ల నడుచుకుంటూ వచ్చినట్టు వచ్చి, ఖాళీ గోల్లోకి తోసింది.

తడబడని మాట

డ్రెస్సింగ్ రూములోకి వచ్చాం. లీనా మేడమ్ బిమ్లా ముందు నిలబడి అడిగింది. "ఎందుకు బయటికొచ్చావు?"

"కోటి ‘నా, నా’ అంది. నేను విన్నాను మేడమ్."

మేడమ్ నా వైపు తిరిగింది. "నువ్వు పిలిచావా?"

తల ఊపాను.

"ఏమని?"

ఆ ఒక్క క్షణంలో నా మనసులో ఏం తిరిగిందో దాచను. నిజం చెబితే నత్తి బయటపడుతుంది. పిలవలేని డిఫెండర్ని ఏ జట్టూ ఉంచుకోదు. మళ్లీ వసారా, మళ్లీ కోడికూత. "మైన్ అన్నాను మేడమ్" అన్నాను.

నా జీవితంలో ఎక్కడా తడబడకుండా, గుండ్రంగా, శుభ్రంగా వచ్చిన మాట అదే.

బిమ్లా నన్ను చూసింది. కోపంగా చూసి ఉంటే బాగుండేది. తన చెవి పట్టుకుని, తల ఒకసారి విదిలించుకుని, "అయితే నేనే తప్పు విన్నానేమో మేడమ్" అంది.

తర్వాత క్యాంపుకి పేర్లు వచ్చినప్పుడు నా పేరుంది, బిమ్లా పేరు లేదు. రెండు రోజులకి ఆమె ఫోన్లో రికార్డు చేసి ఓ మాట పంపింది. "కోటీ, కొత్త కీపర్ చిన్నది, బెదిరిపోతుంది. నువ్వు గట్టిగా పిలువు. నా చెవిలాగా ఆమె చెవి కూడా మోసం చేస్తుందేమో." అది ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. 

ఆ నెలలు నాకు నిద్ర లేదు. ఆట వీడియో ఎవరన్నా మళ్లీ చూస్తారేమోనని భయం. అందులో జనం గోల తప్ప నా గొంతు వినపడదని తెలిశాక, ఇక ఎప్పటికీ ఎవరికీ తెలియదేమోనని అంతకన్నా భయం.

ఇంటికొచ్చినప్పుడు కోటప్పకొండకి వెళ్లాను. దణ్ణం పెట్టుకుని నిలబడ్డాను గానీ ఏం అడగాలో తోచలేదు. నన్ను కాపాడమని అడగటానికి సిగ్గేసింది. బిమ్లాని కాపాడమందామంటే, ఆ పని చేయాల్సింది ఆయన కాదు. ప్రసాదం కూడా తీసుకోకుండా దిగి వచ్చి అమ్మకి చెప్పాను.

అమ్మ చేతిలో చేట పక్కన పెట్టింది.  "ఏమే, నీకు నత్తి అని కూతలు కూశారనే గదా నిన్ను బడి మానిపించా. ఆ పిల్లని ఇంట్లో కూర్చోబెట్టింది ఎవరి కూత?"

అమ్మ మళ్లీ చేట అందుకుంది.

"పోయి చెప్పు. ఎంతసేపు పడితే అంతసేపు పట్టనియ్" అంది.

చెప్పటం

క్యాంపు మొదటి రోజు పొద్దున్నే, లీనా మేడమ్ గ్రౌండ్‌లో ఒక్కతే కోన్లు పేర్చుకుంటుంటే వెళ్లి నిలబడ్డాను. చెప్పటం మొదలుపెట్టాను. ‘బిమ్లా’ అనే పేరు దగ్గరే ఆగిపోయాను. జనం ఇట్లాంటప్పుడు జాలిపడి మాట అందిస్తారు. ఆమె అందించలేదు. కోన్ చేతిలో పట్టుకుని, నా మొహం చూస్తూ, నేను చివరి మాట దాకా వచ్చేవరకు నిలబడింది. అందుకు ఆమెకి ఇవాళ్టికీ కృతజ్ఞురాలిని.

విన్నాక అంది. "నీకు నత్తి ఉందని మొదటి వారమే తెలుసు. పిలవలేనప్పుడు నువ్వు ముందుగా పరిగెత్తుతావని కూడా తెలుసు. అది చూసే తీసుకున్నాను. నత్తి ఉన్న డిఫెండర్‌తో ఎట్లా ఆడించాలో ఆలోచించగలను. ఏం జరిగిందో నాకు అబద్ధం చెప్పే డిఫెండర్‌తో ఏం చేయాలో చెప్పు."

చేతిలో కోన్ గడ్డి మీద పెట్టింది.

"ఆ గోల్ ఎవరి వల్ల పడిందో తప్పుగా లెక్కేసి ఒక కీపర్ని మార్చాను. ఆ తప్పు నాతో చేయించావు" అంది. ఆ మాటే నాకు ఎక్కువ తగిలింది.

ఆ క్యాంపు తర్వాత వెళ్లాల్సిన టూర్ నుంచి నన్ను తీసేసింది. బిమ్లాని తర్వాత క్యాంపుకి పిలిచింది గానీ, మొదటి కీపర్‌గా కాదు, మూడో కీపర్‌గా. ఆ కొత్త కీపర్ పిల్ల అప్పటికే బాగా ఆడుతోంది, ఆమెనెందుకు దించాలి? నిజం చెప్పినంత మాత్రాన పోయింది పోయినట్టే తిరిగి రాదు. ఆలస్యంగా చెబితే అసలే రాదు. మీకు ఎవరైనా వేరేగా చెబితే వాళ్లు జట్లలో ఆడినవాళ్లు కాదు.

బిమ్లాకి నేనే చెప్పాలి. నత్తి ఉన్నవాళ్లకి ఫోనంత గండం ఇంకోటి లేదు. రెండుసార్లు చేశాను. "హలో? ఎవరూ? గాలి వస్తోంది" అని పెట్టేసింది. మూడోసారి ఎత్తి, ఆ గాలినే కాస్త విని, "కోటీ, నువ్వేనా?" అంది.

చెప్పాను. అవతల గేదె అరుపు వినపడుతోంది.

బిమ్లా అంది. "అంటే నా చెవులు బాగానే ఉన్నాయి."

"బా... బాగానే ఉన్నాయి."

"డాక్టర్‌కి చూపించుకున్నాను కోటీ. యంత్రం పెట్టి చూసి, ఏ లోపమూ లేదన్నాడు. నేను నమ్మలేదు. ఇంకో ఊరు వెళ్లి ఇంకొకాయనకి చూపించుకున్నాను." ఆమె గొంతు మొదటిసారి చిన్నదవటం విన్నాను.

క్షమించమన్నాను.

"క్షమించాను. ఇక పెట్టెయ్, వీటికి నీళ్లు పెట్టాలి" అంది.

కాళ్లు

మళ్లీ నేను జట్టులోకి వచ్చేసరికి బిమ్లా మూడో కీపర్ నుంచి రెండో కీపర్ అయింది. ప్రాక్టీసులో మళ్లీ ఆమె ముందు నేను. లీనా మేడమ్ అందరినీ కూర్చోబెట్టి, "కోటి నోట ‘నా’ అని వినపడితే అది ఆమె బంతి. కాదు అని కాదు" అని చెప్పింది. బిమ్లా నవ్వి, "ఇక హిందీ మర్చిపోవాలన్నమాట" అంది. మంచాలు పక్కపక్కనే వేసుకున్నాం. పచ్చడి సీసా పంచుకున్నాం.

మైదానంలో మాత్రం, నేను ఏమని పిలిచినా, ప్రతి బంతికీ బయటికొచ్చేసేది. నా వెనక ఆమె బూట్లు టకటకా వినపడేవి. నేను తప్పుకునేదాన్ని. ఒకసారి తప్పుకోబోయి కాలు మడతపడింది. మేడమ్ మందలిస్తే బిమ్లా "తెలుసు మేడమ్, ఆగాలనే అనుకుంటాను, కాళ్లు వచ్చేస్తాయి" అంది. అబద్ధం కాదు. నా గొంతు కూడా అట్లాంటిదే కాబట్టి నాకు అర్థమైంది. నోటితో క్షమించటం ఆమె చేతిలో ఉంది. కాళ్ల సంగతి ఆమె చేతిలో కూడా లేదు. ఏడాది పైన అట్లాగే గడిచింది. నేను చేయగలిగింది ఒక్కటే: ప్రతి బంతికీ, ముందుగా, నత్తితోనే, అది ఎవరిదో ఉన్నదున్నట్టు పిలవటం. ఒక్క బంతికి కూడా పిలవటం మానలేదు, ఆమె వస్తోందని తెలిసినా ముందు పిలిచాకే తప్పుకున్నాను.

ఒక సాయంత్రం మామూలు ప్రాక్టీసు. చూసేవాళ్లెవరూ లేరు, సన్నగా తుంపర పడుతోంది. ఎవరో ఎత్తుగా కొట్టారు. బంతి మా మధ్యకే దిగుతోంది. "నా... నా..." అన్నాను. బూట్ల చప్పుడు కోసం వెనక్కి చెవి పెట్టి, తప్పుకోవటానికి భుజం వాల్చాను.

చప్పుడు రాలేదు.

నేను ఎగిరి తలతో కొట్టాను. బంతి దూరంగా పోయింది. వెనక్కి తిరిగి చూస్తే బిమ్లా గోల్ గీత మీదే ఉంది, తొడుగుల చేతులు మోకాళ్ల మీద పెట్టుకుని. తన కాళ్ల వైపే చూసుకుంటోంది.

తల ఎత్తి, "ఏం చూస్తావ్? ఇంకోటి వస్తోంది, అటు తిరుగు" అంది.